మొదటి దోసెడు

వాన పడగానే మొదటి దోసెడు నీళ్లు కవి చేతిలో పోయాలి. పాలకుర్తి చుట్టుపక్కల అది రివాజు.

ఈసారి ఎల్లక్క ఆ దోసెడు పట్టుకెళ్లి, గొడుగులు బాగుచేసే ముసలాయన చేతిలో పోసింది.

కవి భిక్షం చాచిన చెయ్యి చాచినట్టే ఉండిపోయింది.

భిక్షం అంటే మామూలు మనిషా! వానకవి. గార్లలో గాలిని మళ్లించే కవులున్నారు. భూపాలపల్లి అడవిలో ఒక్క సీసపద్యంతో మోడును చిగురింపజేసే కవులున్నారు. మబ్బును పిలిచి కిందికి దించేది మాత్రం మూడు జిల్లాల్లో భిక్షం ఒక్కడే. ఒకప్పుడు అతని పద్యానికి నాలుగు చినుకులు రాలితే గొప్ప. ఈ మూడేళ్ల నుంచి చెరువులు నిండుతున్నాయి. గొంతు పండిందనుకున్నాడు. అనుకోడూ మరి!

"గదేందక్కా, నీళ్లు ఆయన చేతుల పోస్తివి?"

"ఏమో తమ్మీ. నీ పద్యానికి ఊఁ కొట్టింది గాయనే గద. ఆయన ఊఁ అంటుంటేనే మొగులు కిందికి వంగినట్టు అనిపిచ్చింది."

భిక్షానికి ఒళ్లు భగ్గున మండింది.

వానపద్యం చదివేటప్పుడు ఎవరో ఒకరు ఊఁ కొట్టాలి, నిజమే. ఊఁ లేని పద్యం వట్టిపోతుందని తండ్రి కూడా చెప్పేవాడు. అయితే మాత్రం? పెళ్లికొడుకును వదిలేసి తోడుపెళ్లికొడుకు మీద అక్షింతలు వేస్తారా!

ముసలాయన పేరు అబ్దుల్ బారీ. గార్ల మనిషి. మూడేళ్లుగా వానాకాలం రాగానే గొడుగు కమ్ముల సంచీతో దిగుతున్నాడు. భిక్షం ఏ ఊళ్లో పద్యం చదివితే ఆ ఊళ్లో ప్రత్యక్షం. ఓ మూలన కూర్చుంటాడు. కవి వైపు చూడడు, పడమటి మబ్బు వైపే చూస్తాడు. పోనీ, ఊఁ అయినా తీరుగా కొడతాడా? పాదం సగంలో ఉండగానే ఊఁ. ఒక్కోసారి భిక్షం ఊపిరి పీల్చుకోవడానికి ఆగితే, ఆ ఖాళీలోనూ ఊఁ.

ఆ రోజు నుంచి భిక్షానికి అన్నం సయించలేదు.

మూడేళ్లు వెంట తిరిగాడంటే ఊరికేనా? పద్యాలన్నీ బట్టీ పడుతున్నాడు. రేపో మాపో గార్లలో కూర్చుని తనే వానకవినంటాడు. పిల్లి కళ్లు మూసుకుని పాలు తాగితే లోకం చూడదనుకుంటుందట!

నాట్ల వాన పిలిచే రోజు వచ్చింది. ఊరంతా పొలం గట్టున చేరింది. నారు ముదురుతోంది. ఈ వారం వాన పడకపోతే ఈ ఏడు వరి లేనట్టే.

బారీ అప్పటికే వచ్చి కూర్చున్నాడు.

భిక్షం నేరుగా అతని ముందుకెళ్లి నిలబడ్డాడు.

"నా పద్యాలు దొంగతనం చేయనీకి వచ్చినవా?"

ముసలాయన నవ్వాడు.

"నవ్వుతున్నవా? జర సిగ్గన్న లేదా?"

మళ్లీ అదే నవ్వు.

భిక్షం చెయ్యెత్తి బస్సు రోడ్డు చూపించాడు. "నడువ్!"

అప్పుడు ఆగింది నవ్వు. ముసలాయన రోడ్డు వైపు చూశాడు. భిక్షం మొహంలోకి చూశాడు.

"అచ్ఛా బేటా" అని సంచీ భుజాన వేసుకుని వెళ్లిపోయాడు.

"గంత కోపమెందుకు తమ్మీ?" అంది ఎల్లక్క.

"ఊఁ కొట్టనీకి మా బామ్మర్ది లేడా?"

బామ్మర్ది హన్మంత్ గొంతు సవరించుకుని కూర్చున్నాడు. ప్రతి పాదం చివరా పొల్లు పోకుండా ఊఁ కొట్టాడు. భిక్షం జన్మలో ఎన్నడూ అంత బాగా చదివి ఎరగడు.

పడమట పుట్టిన మబ్బు చిల్పూరు గుట్ట దాకా వచ్చింది. కాసేపు ఆగింది. అటునుంచి అటే వెళ్లిపోయింది.

రెండో రోజూ అంతే. మూడో రోజుకు భిక్షం గొంతు పోయింది, నారు పసుపెక్కింది.

ఎల్లక్క పిడికెడు ఎండు నారు పెరికి తెచ్చి అతని ముందు వేసింది.

"పొయ్యి ఆయన్ని తోల్కరా తమ్మీ. నీ పెద్దరికం మా కడుపు నింపుతదా?"

నాలుగో రోజు భిక్షం మానుకోటలో బస్సు మారి గార్లలో దిగాడు.

బారీ ఇంటి ముందు మనవరాలు ఫిజా కూర్చుని ఉంది. గోడకు కమ్ముల సంచీ వేలాడుతోంది.

"పాలకుర్తి వానకవిని బిడ్డా. మీ దాదా ఉన్నడా?"

"పోయిండన్నా. నిన్ననే మట్టి ఇచ్చినం."

భిక్షం గడప మీద కూలబడ్డాడు. ఏడుపు వచ్చింది. కానీ కుళ్లు అంత తొందరగా చస్తుందా? మనిషి పోయినా అది మిగిలే ఉంది.

"నా పద్యాలు నీకేమన్న నేర్పిండా?"

ఫిజా వింతగా చూసింది.

"పద్యాలా? పదేండ్ల కింద జ్వరమొచ్చి దాదాకు రెండు చెవులు పోయినయన్నా. పక్కన నిలబడి ఒర్రినా వినపడకపోయేది. ఏది చెప్పాల్నన్నా చెయ్యితోనే."

భిక్షానికి ఆ నవ్వు గుర్తొచ్చింది. ఆ నవ్వును ఆపిన తన చెయ్యి గుర్తొచ్చింది.

"మరి మూడేండ్లు నాకు ఊఁ ఎట్ల కొట్టిండు?"

"నీకు కాదన్నా" అంది ఫిజా, కళ్లు తుడుచుకుంటూ. "నువ్వు పిలిస్తే వాన గుట్ట దాకా వస్తదంట, ఏదో చెప్పుకుంటదంట, వినేటోళ్లు లేక మళ్లిపోతదంట. దాదా ఆడికి పోయి దానికి ఊఁ కొట్టేటోడు."