అన్న వేషం

“జర భుజం దించు. మీ బావ గిట్ల బిగవట్టుకొని నడుస్తడా?” అంది ఉషారాణి, మిర్యాలగూడ దవాఖాన మెట్ల కింద మొగుడి కాలరు సరిచేస్తూ. మరుక్షణం నాలుక కరుచుకుంది. “నాకు బావ గని, నీకు అన్న గదా. నాగ్గూడ పరేషానైతున్నది.”

బిక్షం విసుక్కున్నాడు. పాతికేళ్లుగా సీరియళ్లకు బట్టలు కుట్టి ఎంతమందినో పోలీసుల్ని, దొరల్ని చేశాడు. పేరు వాళ్లకొచ్చింది, సూది పోట్లు ఇతనికి మిగిలాయి. ఇవాళ తన ఒంటిమీదే ఖాకీ. డ్రైవరుకు కిటికీ ఎండ కుడివైపే కొడుతుందని, ఆ భుజం ఒక్కటీ ఇటుకతో రుద్ది వెలిసేట్టు చేశాడు.

అన్న నగేష్ బస్సు డ్రైవరు. పోయిన నెల కోదాడ దగ్గర లారీ గుద్ది చనిపోయాడు. తుంటి విరిగి మంచాన ఉన్న తల్లి జానమ్మకు ఆ మాట ఎవరూ చెప్పలేదు. చెబితే గుండె తట్టుకోదన్నాడు డాక్టరు. రేపే ఆపరేషను. పెద్దకొడుకును చూడందే చేయించుకోనని ఆమె మొండికేసింది. అన్నదమ్ములవి ఒకటే పోలికలు, ఆమె కళ్లకేమో శుక్లాలు.

“గుర్తువడితే?”

“నన్నెన్నడు సక్కగ సూసిందని గుర్తువడతది?” అంటూ బిక్షం లోపలికి నడిచాడు.

“అవ్వా!”

“నగేషూ! ఊరందర్ని మోస్తవు గని, నాకాడికి రానీకి బస్సు దొరకలేదారా?”

“డ్యూటీ మీద డ్యూటీ ఏస్తున్నరే.” అన్న గొంతులోని జీర కూడా తెచ్చాడు.

జానమ్మ అతని చెయ్యి పట్టుకుని వేళ్లు ఒక్కొక్కటే తడిమింది. సూది పోట్లతో గట్టిపడ్డ చూపుడువేలి కొస దగ్గర ఆమె చెయ్యి ఆగింది.

“పుష్పను, పిల్లలను ఇడిసిపెట్టకు బిడ్డా. వాళ్ల సదువులు ఆగొద్దు.”

“నా పెండ్లాం పిల్లలను నేనెందుకు ఇడుస్తనే?”

“తమ్ముడు రాలేదా?”

“వానికి షూటింగట.”

ఇక తిట్లు మొదలవుతాయనుకున్నాడు బిక్షం. గుడ్డలు కుట్టే పనికి పోయిన నాటి నుంచి, ఆడోళ్ల పని అనే మాట తప్ప తల్లి నోట ఇంకోటి వినలేదు.

“వాని సీరియల్ రోజు సూస్త,” అంది.

“నువ్వా?”

“కతకు గాదురా. అయిపోయినంక పేర్లు ఉరుకుతయి గదా! వానిదొస్తే పక్కింటి పిల్ల సదివి సెప్తది. ఒక్కోనాడు అది సదివేలోపే పోతది. ఆ పూట బువ్వ సయించదు.”

అన్న ఏడవడు. బిక్షం పళ్లు బిగించాడు.

“గా మాట వానికే చెప్పరాదే?”

“వాని మొకం మీద ఎట్ల చెప్పాలెరా? సిగ్గయితది. గిట్లయితే చెప్పొచ్చు.”

నర్సు వచ్చి టైమైపోయిందంది.

“మరి ఆపరేషన్ చేయించుకుంటవా?”

“చేయించుకుంట. కొడుకును సూసిన గదా!”

గండం గడిచిందనుకున్నాడు. ఆమె దుప్పటి సర్ది, వెనక్కి తిరిగి చూడకుండా తలుపు దాకా వెళ్లాడు.

“పైలంగ పోయిరా, బిక్షం.”