తోలుచొక్కా

నల్లమూతి గొర్రె తెల్లవారుజామున చచ్చిన పిల్లను ఈనింది. పొద్దెక్కినా దాన్ని నాకడం మానలేదు. నాకడం, అరవడం, మళ్లీ నాకడం. ఆ అరుపు వినలేక ఏడుకొండలు భార్య శివపార్వతి పొయ్యి దగ్గర నుంచి లేచి దొడ్డి దాకా వచ్చింది. చచ్చిన పిల్లను చూసి వెనక్కి వెళ్లిపోయింది.

దొడ్డిలో ఇంకో మూల, గంప కింద ఇంకో దుఃఖం ఉంది. మొన్న మంద నంద్యాల రోడ్డు దాటుతుంటే ఓ గొర్రె లారీ కింద పడింది. దాని పిల్ల మిగిలింది. సీసాతో ఆవుపాలు పడితే కడుపు చెడి పారుకుంటోంది. ఇవాళో రేపో అన్నట్టుంది.

"నాయనా, దీని పిల్లేమో పోయె, దాని తల్లేమో పోయె. రెంటినీ కలపరాదా?" అంది ఇందు.

ఇందు మార్కాపురంలో డిగ్రీ చదువుతోంది. జంతుశాస్త్రం. సెలవులకు వచ్చింది. ఏడుకొండలుకు మాటలు పొదుపు. ఆయన పొదుపు చేసినవన్నీ కూతురు ఖర్చు పెడుతుంది.

"కలిపితే కలుస్తాయా? పరాయి పిల్లను దగ్గరికి రానీదు, కుమ్ముతాది."

"తోలు తొడిగితే? మీ నాయన తొడిగేవాడంట గదా. రంగయ్య తాత చెప్పినాడు."

గొర్రెలు కాసేవాళ్లకు తెలిసిన ఉపాయమే అది. చచ్చిన పిల్ల తోలు ఒలిచి, తల్లిలేని పిల్లకు చొక్కాలా తొడుగుతారు. గొర్రె వాసన చూసి తన బిడ్డే అనుకుని పాలిస్తుంది. ఏడుకొండలు తండ్రి దగ్గర నేర్చుకున్నాడు. కానీ ఇందు పుట్టినప్పటి నుంచి ఆ పని ముట్టలేదు. పసిబిడ్డ ఉన్న ఇంట్లో తోలు ఒలవకూడదన్నాడు మొదట్లో. బిడ్డ పెద్దదయ్యాక ఆ సాకు కూడా చెప్పడం మానేసి, ఊరికే తల అడ్డంగా ఊపేవాడు. తోటివాళ్లు వెక్కిరించినా పట్టించుకోలేదు.

"నా వల్ల గాదు. రంగయ్యను పిలుచుకో" అన్నాడు.

"తాత కురిచేడు పోయినాడు. నువ్వు చెయ్యకపోతే ఇది చచ్చిపోతాది నాయనా."

ఇందు కళ్లు నిండాయి. కూతురి కంట నీళ్లు చూస్తే ఏడుకొండలు ఆగలేడు, ఆ సంగతి ఊరందరికీ తెలుసు. గుండె రాయి చేసుకుని కత్తి తీశాడు.

చచ్చిన పిల్లను పక్కకు తీసుకెళ్లి తోలు ఒలవసాగాడు. శివపార్వతి వచ్చి గడప మీద కూర్చుంది.

"నువ్వు లోపలికి పో" అన్నాడు.

ఆమె కదల్లేదు. "గొర్రెకు తెలీదంటావా ఇందూ?" అని అడిగింది.

"ఎట్ల తెలుస్తాదమ్మా? దానికి మాటుందా, మనసుందా? మాటుంటేనే గదా జరిగింది తలుచుకునేది, 'నా బిడ్డ ఏమాయె' అని అడిగేది. మనిషికీ జీవానికీ అదే తేడా అని మా సార్ చెప్పినాడు."

"మాటున్నోళ్లంతా అడుగుతారా?"

"అడక్కుండా ఎవరుంటారమ్మా?"

"కబుర్లు చాలుగానీ, ఆ తాడు ఇట్ల ఇయ్యి!" అని ఏడుకొండలు కసిరాడు. ఎన్నడూ కసరని మనిషి కసిరేసరికి ఇందు బిత్తరపోయింది.

తోలు తొడిగి, పొట్ట కింద తాళ్లు కట్టి, పిల్లను గొర్రె దగ్గరికి తోశారు. నల్లమూతిది తోక దగ్గర మూతి పెట్టి వాసన చూసింది. అరుపు ఆగింది. పిల్ల పొదుగు కిందికి దూరి చీకడం మొదలుపెట్టింది. ఇందు చప్పట్లు కొట్టింది. ఏడుకొండలు అటు తిరిగి తుండుతో మొహం తుడుచుకున్నాడు. చెమట అన్నాడు.

సెలవులు అయిపోయి ఇందు బస్సెక్కింది. "తోలు తీసినాక అది ఒప్పుకుందో లేదో ఫోన్ చెయ్ నాయనా" అని మరీ మరీ చెప్పి పోయింది.

అసలు గండం అదే. తోలు ఎండకు కంపు కొడుతోంది, తీయక తప్పదు. తీస్తే పిల్ల సొంత వాసన బయటపడుతుంది. అప్పుడు గొర్రె తరిమేస్తే ఆ పిల్ల బతకదు. ఆ మాట కూతురికి ఫోన్లో చెప్పే ధైర్యం ఆయనకు లేదు.

దిగులుగానే తాళ్లు కోశాడు. తోలు అవతల పడేశాడు.

గొర్రె పిల్లను తల నుంచి తోక దాకా వాసన చూసింది. చాలాసేపు చూసింది. వెనక్కి జరిగి, కుమ్మబోతున్నట్టు తల వంచింది. పిల్ల ఏమీ ఎరగనట్టు పొదుగు వెతుక్కుంటూ పోయింది. గొర్రె మెల్లగా తల ఎత్తింది. వెనక కాళ్లు ఎడం చేసి నిలబడింది. పాలు చేపింది.

ఏడుకొండలుకు నవ్వూ ఏడుపూ కలిసి వచ్చాయి. "మోసపోయింది పిచ్చిది! తోలు తీసినా ఇంకా తన బిడ్డే అనుకుంటాండాది."

"మోసపోలేదు. తెలిసే ఇస్తాండాది" అంది శివపార్వతి.

"నోరులేని జీవానికి ఏం తెలుస్తాదే?"

ఆమె వచ్చి పక్కన కూర్చుంది. ఆమె గొంతులో కోపం లేదు.

"ఆస్పత్రిలో మన బిడ్డ చచ్చిపోతే, తల్లి పోయిన ఇందును ఆ బిడ్డ గుడ్డలోనే చుట్టుకొచ్చి నా ఒళ్లో పెట్టినావే, ఆ పొద్దు నేను మోసపోయినానా?"