క్షమాపణ ఉత్తరం

సెలవులిచ్చే రోజున తొమ్మిదేళ్ళ వెర్నా తన పాఠ్యపుస్తకం మొదటి పేజీలో ఒక తిట్టు రాసింది.

జార్జియాలోని ఆ పత్తి ఊళ్ళో అది ఏటా జరిగేదే. తెల్లపిల్లలు చదివి నలిపేసిన పుస్తకాలు వాగు అవతల నల్లపిల్లల బడికి వెళ్తాయి. పోయేముందు ఓ తిట్టు రాయడం పిల్లలకు సరదా.

పాత సైనిక టోపీతో ఆ బడి నుంచి పుస్తకాల కోసం బండి తోలుకొచ్చిన ఎజ్రా ఆ పేజీ చూసి ఆగిపోయాడు.

"అమ్మాయిగారూ, ఇది మీ ఈడు పిల్ల చేతికెళ్తుందండీ. కాస్త చెరిపేసి ఇస్తారా?"

"నీకు చదవడం కూడా వచ్చా?"

"వచ్చండీ."

చుట్టూ ఉన్న పిల్లలు కిసుక్కున నవ్వారు. వెర్నాకు తల కొట్టేసినట్టయింది. ఏడుస్తూ ఇంటికి పరుగెత్తింది.

"నల్లోడు నిన్ను తప్పుపట్టాడా? అందరి ముందా?" తల్లి లాటీ ఇస్త్రీ పెట్టె పక్కన పెట్టేసింది.

"అవునమ్మా."

ఏం రాశావని మాత్రం అడగలేదు. టోపీ పెట్టుకుని బడి పెద్దల దగ్గరికి వెళ్ళింది.

తీర్పు చిటికెలో అయిపోయింది. ఎజ్రా క్షమాపణ రాసిచ్చి, పొద్దుగూకేలోగా ఊరు విడిచిపోవాలి.

"పీడ పోయింది," అంది లాటీ.

ఆదివారం చర్చి నుంచి వచ్చాక, ఎప్పటిలాగే బైబిల్లోంచి భర్త ఆఖరి ఉత్తరం తీసింది. యుద్ధంలో గాయపడి, ఫ్రాన్సులో ఆసుపత్రి మంచం మీద నుంచి పంపిన ఉత్తరం. వెర్నా తండ్రిని చూడనేలేదు.

"మీ నాన్నకు సంతకం కూడా రాదే. ఎవరో మంచి మనిషి పక్కన కూర్చుని రాసిపెట్టాడు. ఆ చేతిని దేవుడు చల్లగా చూడాలి."

వారం వారం అనే మాటే.

అంతలో బడి గుమాస్తా వచ్చి ఒక కవరు ఇచ్చాడు. "ఎజ్రా క్షమాపణ అండీ. శుక్రవారమే రైలెక్కేశాడు."

లాటీ విప్పింది. మొదటి వరుస దగ్గరే ఆగిపోయింది. ఆ కాగితాన్ని భర్త ఉత్తరం పక్కన పెట్టి, చాలాసేపు రెండింటినీ మార్చి మార్చి చూసింది.

"వెర్నా," అంది చివరికి. "ఆ పుస్తకంలో ఏం రాశావే?"

ఇంట్లో రోజూ వినే మాటే. అయినా వెర్నా చేతులు వెనక్కి దాచుకుంది. తనూ తొంగి చూసింది.

కాగితాలు రెండు, మధ్యలో తొమ్మిదేళ్ళు; రాసిన చెయ్యి మాత్రం ఒక్కటే.