మూడో ప్రకటన

"ఈ వివాహమునకు అభ్యంతరము తెలిసినవారు ఇప్పుడే చెప్పవలెను" అని చదివి, జవాబు కోసం ఆగకుండానే అయ్యగారు కళ్లద్దాలు తీసేశారు. ఇన్నేళ్లలో ఎవరూ ఏమీ చెప్పింది లేదు. అడగడం ఆయన పని, ఊరుకోవడం జనం పని.

ఆడవాళ్ల చాప మీంచి రాజమణి లేచింది. మోకాళ్లు పట్టేస్తే పక్కనున్న దానమ్మ భుజం ఆసరా చేసుకొని మరీ లేచింది.

"నాకు తెలుసు అయ్యగారూ."

మెదక్‌లోని పెద్ద చర్చి గుడి కాదు ఇది. సందు చివర పెంకుల గుడి. పెద్ద గుడి గంట మోగిందంటే ఇక్కడి పాట నడిమిట్లో ఆగిపోయి, గంట అయ్యాక మళ్లీ మొదటి నుంచి ఎత్తుకోవాలి. ఒక్కోసారి ఆ పాట ముగిసేసరికి పొయ్యి మీద కూర మాడిపోతుందని ఆడవాళ్లు ఒట్టేసి చెబుతారు. ఎంత చిన్న గుడికైనా పద్ధతి పద్ధతే. పెళ్లికి ముందు మూడు ఆదివారాలు పిల్ల పేరూ, పిలగాని పేరూ అందరి ముందూ చదవాలి. ఎవరూ అడ్డం రాకపోతే పెళ్లి. ఇది మూడో ఆదివారం. రేపు పెళ్లి, ఎల్లుండి బొంబాయి ప్రయాణం.

పిల్ల ఎలిశిబా. పదహారు నిండాయో లేదో. తల్లి లేదు. తండ్రి పౌలు రాళ్లు కొట్టీ కొట్టీ దగ్గు తెచ్చుకున్నవాడు. పిలగాడు సొలొమోను. పిలగాడనడం మర్యాదకే గానీ, చెవుల మీది వెంట్రుకలు తెల్లబడ్డాయి. బొంబాయి మిల్లులో మేస్త్రీనన్నాడు. టెర్లిన్ చొక్కా తొడిగాడు. అక్కడి అయ్యగారు ఇచ్చిన మంచి నడత చీటీ చూపించాడు. పెళ్లి ఖర్చంతా నాదే అన్నాడు. పౌలుకు అంత దగ్గులోనూ నవ్వొచ్చింది.

పిల్లను చూడటానికి వచ్చిన నాడు ఛాయ్ అందించింది పక్కింటి రాజమణే. ఆ మనిషి వంటొచ్చా అని అడగలేదు, పాటొచ్చా అని అడగలేదు. ఎలిశిబాను వాకిట్లోకి నడిపించి, వెనక్కి నడిపించి చూశాడు. తర్వాత పౌలును ఒక్కటే అడిగాడు: పిల్ల బొంబాయి పోయినంక ఈడికెల్లి చూడనీకి ఎవరన్న వస్తరా అని. మాకు అంత దూరం వచ్చేటోళ్లు ఎవరున్నరు సార్ అన్నాడు పౌలు. అప్పుడు ఛాయ్ తాగాడు.

అది మొదలు రాజమణి తిరగని గడప లేదు. పిల్ల అదృష్టం చూసి కండ్లల్ల నిప్పులు పోసుకుంటున్నవని పౌలు తిట్టాడు. వాడలో పెద్దమనుషులు ఏమన్న అయినంక వచ్చి చెప్పమన్నారు. అనుమానం అభ్యంతరం కాదమ్మా, బతికున్న పెళ్లామో రక్తసంబంధమో ఉంటే అది అభ్యంతరం అని అయ్యగారు ఓపిగ్గా చెప్పి పంపారు. చెప్పిందే చెప్పీ చెప్పీ, తన మాట తనకే విసుగుపుట్టేంతగా అలసిపోయింది రాజమణి.

అయ్యగారు కళ్లద్దాలు మళ్లీ పెట్టుకున్నారు. "ఏం అభ్యంతరం?"

"ఈయనకు పెండ్లామున్నది. బతికే ఉన్నది."

"ఎవరు?"

అంతవరకు ఆమె ఆలోచించుకోలేదు. ముందు వరసలో ఎలిశిబా తల వంచుకొని, కొత్త గాజులు లోపలికీ బయటికీ జరుపుకుంటోంది. బొంబాయిలో ఉందంటే రుజువు అడుగుతారు. ఊరిలో ఉందంటే మనిషిని చూపమంటారు.

"నేనే" అంది రాజమణి.

మగవాళ్ల వైపు, ప్రసంగం మొదలవగానే కునుకు పట్టిన ఆశీర్వాదం అప్పుడు కళ్లు తెరిచాడు. ఆశీర్వాదం ఆమె మొగుడు. వాళ్లకు పెళ్లి చేసింది ఈ అయ్యగారే, ఈ గుడిలోనే. ఇవాళ కూర్చున్నవాళ్లలో సగం మంది ఆ విందులో మూలుగ బొక్కల కోసం కొట్లాడినవాళ్లే. రాజమణి చూసిన ప్రపంచమంతా ఇటు తూప్రాన్, అటు రామాయంపేట. రైలు కూత కూడా విన్నది కాదు.

గుడి గుడంతా నవ్వింది. ఇన్నొద్దులు పక్కోని పెండ్లాన్ని కిరాయికి తెచ్చుకున్నవా మామా అని ఎవరో ఆశీర్వాదాన్ని అడిగారు. ఆయన తల ఎత్తలేదు.

"ఇంటికి నడువు రాజమణీ" అన్నాడు మెల్లగా.

"నా మొగడు ఈడ కూసున్నడు. నేనేడికొస్త?" అంది. ఆశీర్వాదం వైపు చూడకుండా, సొలొమోనును వేలితో చూపించింది.

అయ్యగారు నవ్వలేదు. దేవుని మందిరంలో అబద్ధమాడితే రొట్టె విరిచే ప్రభువు బల్ల దగ్గరికి రానిచ్చేది లేదని, గుడి గడప కూడా తొక్కనిచ్చేది లేదని, చచ్చినా ఇక్కడి మట్టి దొరకదని చెప్పారు. ఆలోచించుకొని చెప్పమన్నారు.

"గుడిలనే చేసుకున్నడు" అంది రాజమణి. "తీస్కపొయి అమ్మిండు."

నవ్వు ఇంకా పెద్దదైంది. పౌలు దగ్గుతూనే లేచి, దీన్ని బయటికి గుంజుండ్రి అన్నాడు. దానమ్మ చెంగు పట్టి లాగుతోంది. అయ్యగారు ముగింపు దీవెన వచనం కోసం పుస్తకం తిప్పుతున్నారు. ఆమె మాట అబద్ధమని ఆ గుడిలో తెలియని మనిషి లేడు.

ఒక్కడు తప్ప. సొలొమోను ముందు వరసలోంచి లేచి వచ్చాడు. అమ్మిండు అన్న మాట దగ్గరే అతని చెవులు ఆగిపోయాయి. రాజమణి ముఖాన్ని ఈ పక్క నుంచీ ఆ పక్క నుంచీ చూశాడు. గుర్తు పట్టలేక నుదురు రుద్దుకున్నాడు. నవ్వులు ఒక్కొక్కటే ఆగిపోయాయి.

"జర మెల్లగ మాట్లాడు" అన్నాడు. "నిన్ను చేసుకున్నది జహీరాబాద్‌లనా, బీదర్‌లనా?"