అన్న రిమోటు

శామ్ చనిపోయి పది దినాలైంది. ఆదరణ కూడిక ముగిసినాక, వాడి పాత వీడియో గేమును చర్చి పిల్లలకిద్దామనింది వాళ్లమ్మ రత్నమణి.

"ఒక్క ఆట ఆడి ఇస్తా మా," అని కూతురు జీవిత జపాన్ కార్టూన్ ఫుట్‌బాల్ క్యాసెట్ పెట్టి, తన రిమోటు పక్కన పెట్టి అన్న రిమోటు పట్టుకుంది.

పెద్ద కండ్ల బొమ్మ బంతితో గోలు ముందరికి ఉరికింది. షాట్ బటన్ ఎంత నొక్కినా బంతి కదల్లేదు.

"మా, ఈ బటన్ పని చేయల్యా!"

"కడపలో సెకండ్‌హ్యాండ్‌లో కొన్నప్పుడే అది చెడిపోయిండాది పాపా. బాగుండేది నీకిచ్చినాడు. 'పాపకు చెప్పొద్దు మా, గెలిస్తే ఇల్లంతా ఎగురుతాది' అనేటోడు."

"చిన్నప్పట్నుంచి నేను అన్నను గోలు కొట్టను చేతగానోడని ఎక్కిరిస్తి కదమ్మా!"

రత్నమణి కొంగుతో నోరు మూసుకుంది.

జీవిత తన రిమోటు తీసి డబ్బాలో పెట్టింది.

"బాగుండేది పిల్లలకియ్యి మా. చెడిపోయింది నాకుండనీ."