సగటు పిల్లాడు

మర్నాడు ఇన్‌స్పెక్టరు వస్తున్నాడు. ఐదో తరగతిలో ఆ రోజు వచ్చిన పిల్లల పేర్లతో చీటీలు వేసి, కలిపి, నాలుగు తీసి, ఆ నలుగురి చేత చదివిస్తాడు. ఒక్కడు తడబడినా హెడ్మాస్టరు ప్రమోషన్ గల్లంతే.

"చదవడం రానివాళ్ళు ఎందరమ్మా?" అని ఆయన టీచరుని అడిగాడు.

"నలభైలో సగం మంది సార్."

హెడ్మాస్టరు లెక్కల మనిషి. "అయితే నలుగురిలో సగటున ఇద్దరు దొరుకుతారు. రానివాళ్ళలో పదిమందిని ఇంటి దగ్గర ఆపేస్తే, ఒకడూ మూడోవంతూ."

"ఆ మూడోవంతు పిల్లాడు చదువుతాడంటారా, చదవడంటారా?"

"వేళాకోళాలొద్దు. ఇరవై మందినీ ఆపేద్దాం. అప్పుడు సగటు సున్నా."

"సరే, పిల్లలకి చెప్పొస్తానుండండి."

"నోటితో వద్దమ్మా, గోడలకి చెవులుంటాయి."

ఆయనే తరగతిలోకి వెళ్ళి నల్లబల్ల మీద గుండ్రంగా రాశాడు: 'చదవడం రానివాళ్ళు రేపు బడికి రావద్దు.' పిల్లలు ఇళ్ళకు పోయాక శుభ్రంగా తుడిచేశాడు.

మర్నాడు తరగతి సగానికి సగం ఖాళీ. హెడ్మాస్టరు మీసం దువ్వుకున్నాడు.

టీచరు ఆయన్ని గుమ్మంలోనే ఆపి మెల్లగా చెప్పింది. "చదవగలిగినవాళ్ళంతా మీరు రాసింది చదువుకుని, మాకు చదవడం రాదంటూ ఇంట్లో కూర్చున్నారు సార్. రానివాళ్ళంతా వచ్చేశారు."

లోపల ఇన్‌స్పెక్టరు అప్పటికే చీటీలు కలుపుతున్నాడు.

"ఏవి తీయమంటారు హెడ్మాస్టరు గారూ?" అన్నాడు మర్యాదకి.

"మీ ఇష్టం సార్. ఏవి తీసినా ఒకటే."