ఎవరిదీ కాని అద్దం

మొదటి గుద్దుకే కంపెనీ మేనేజరు పన్ను ఊడి బల్ల మీద పడింది. రెండో గుద్దుకు ఆయనే కుర్చీతో సహా వెనక్కి పడ్డాడు.

పక్కనున్న ప్రభుత్వ అధికారి నోరు తెరిచేలోపు ఆ కొట్టినతను వెళ్ళి గది తలుపుకు గడియ పెట్టేశాడు. బయట పోలీసులు దబదబా బాదుతున్నారు. లోపల మిగిలింది నలుగురు. దెబ్బలు తిన్న మేనేజరు, తినబోతున్న అధికారి, అతను, అతని బావమరిది.

"బావా, నీకు దణ్ణం పెడతాను, వద్దు," అన్నాడు బావమరిది. అతనికి వినబడితేగా!

పోయింది అతని భార్య. బావమరిదికి ఒక్కగానొక్క అక్క. రైల్వే స్టేషను మేడమీది ఈ గదిలో విచారణ జరిపి, ఇందాకే ఫలితం చదివి వినిపించారు. ప్రమాదం ప్రమాదమేనట. తప్పు ఎవరిదీ కాదట. డ్రైవర్ తప్పయితే అసలే లేదట. ఆ మాట దగ్గరే అతను లేచాడు.

అసలు సంగతి ఇదీ. రైళ్ళు నడపడం మనకెందుకొచ్చిన గొడవ అనుకుని ప్రభుత్వం ఆ లైనును ఓ కంపెనీకి ఫ్రాంచైజీకి ఇచ్చేసింది. బండ్లు కంపెనీవి, పట్టాలూ ప్లాట్‌ఫాంలూ ప్రభుత్వానివి. కంపెనీ వస్తూనే గార్డుల్ని ఇంటికి పంపింది. అంతకుముందు గార్డు కిందికి దిగి, ప్లాట్‌ఫాం అంతా కలయజూసి, జెండా ఊపితేగానీ బండి కదిలేది కాదు. ఇప్పుడు ఆ పని కూడా డ్రైవర్ నెత్తిన పడింది. అందుకోసం ప్లాట్‌ఫాం చివర ఓ నిలువెత్తు అద్దం పాతారు. డ్రైవర్ తన సీట్లోంచే అందులో చూసుకోవాలి, తలుపులు మూయాలి, పోవాలి.

ఆ అద్దం పగిలింది. సాలెగూడులా నిండా బీటలు. ఉన్నది మీ ప్లాట్‌ఫాం మీద, మీరే మార్చండి అంది కంపెనీ. చూసుకునేది మీ డ్రైవర్లు, మీరే మార్చండి అంది ప్రభుత్వం. ఇద్దరూ పెద్దమనుషులే. ఇద్దరూ చేతులు దులుపుకున్నారు. అద్దం అలాగే ఉండిపోయింది.

ఆ పొద్దున అతను హడావిడిలో క్యారియరు మరిచిపోయి పనికి వచ్చేశాడు. ఆవిడ దాన్ని సంచిలో పెట్టుకుని వెనకాలే పరిగెత్తుకొచ్చింది. కూర ఒలికిపోతుందేమోనని సంచి పట్టీని మణికట్టుకు గట్టిగా చుట్టుకుంది. అతనుండేది ఎప్పుడూ ముందు పెట్టెలోనే కాబట్టి అటే పరిగెత్తింది. జనం తోపులాటలో సంచి తలుపు మధ్యకు ఊగింది. తలుపులు మూసుకున్నాయి. పట్టీ ఇరుక్కుంది. బండి కదిలింది.

ఆ బండిలోనే ఉండి కూడా అతనికి ఏమీ తెలియలేదు. తర్వాతి స్టేషన్లో కేకలు విని దిగి, వెనక్కి నడిచి చూశాడు. ఏం చూశాడో ఇప్పటిదాకా ఎవరికీ చెప్పలేదు. ఇంట్లో అద్దాన్ని గోడవైపు తిప్పేశాడు. గడ్డం గీసుకోవడం మానేశాడు. పలకరించడానికి వచ్చినవాళ్ళందరూ డ్రైవర్ తప్పు కాదనే అన్నారు. అన్నవాళ్ళనల్లా గుమ్మం బయటికి నెట్టాడు.

ఇప్పుడు అధికారిని కాలరు పట్టి లేపి, తల గోడకేసి కొట్టాడు. కనుబొమ చిట్లి నెత్తురు కంట్లోకి కారింది.

"డ్రైవర్‌కి కనబడితే కదయ్యా," అని అధికారి ఏడ్చాడు.

"కనబడకపోతే దిగి చూడాలి. కాళ్ళు లేవా డ్రైవర్‌కి?"

ఇంకోసారి కొట్టాడు. అధికారి గోడ వెంట జారి కూలబడ్డాడు. బండి ఆలస్యమైతే కంపెనీ ఊరుకోదని, అందుకే డ్రైవర్లెవరూ దిగరని గొణిగాడు.

విచారణ కోసం పీకి తెచ్చిన అద్దం మూలన గోడకు ఆనించి ఉంది. అతను దాన్ని ఫెడీమని తన్నాడు. నేలంతా ముక్కలు. జానెడు ముక్క ఏరుకుని వెళ్ళి మేనేజరు గుండెల మీద ఎక్కి కూర్చున్నాడు. తెగింది ముందు అతని అరచెయ్యే. ఆ నెత్తురు మేనేజరు తెల్లచొక్కా మీద కారుతోంది.

బావమరిది వెనక నుంచి పట్టి లాగాడు. అతను మోచేత్తో ఒక్కటిచ్చాడు. వాడు బల్లకు కొట్టుకుని పడ్డాడు, అయినా లేచి మళ్ళీ వచ్చాడు. పెదవి పగిలి ఉంది. "అక్కే ఉంటే క్షమించేది బావా," అన్నాడు.

"మీ అక్కకేం, ఎవరినైనా క్షమిస్తుంది. నావల్ల కాదు." గాజుముక్కను మేనేజరు గొంతుకు ఆనించాడు. "చెప్పు. తప్పు డ్రైవర్‌దేనని చెప్పు."

మేనేజరు నీళ్ళు నమిలాడు. నమలడా మరి? డ్రైవర్‌ని పట్టుకుంటే వాడు అద్దం సంగతి ఎత్తుతాడు. అద్దం ఎవరిదన్న మాట లేస్తే అది కంపెనీ మెడకో ప్రభుత్వం మెడకో చుట్టుకుంటుంది. ఆ భయానికే ఇద్దరూ కూడబలుక్కుని డ్రైవర్‌ని కడిగిన ముత్యం చేశారు. కానీ గాజుముక్క చర్మంలో దిగుతుంటే కంపెనీ ఎవరిది, ప్రభుత్వం ఎవరిది?

"డ్రైవర్‌దే," అన్నాడు మేనేజరు. "దిగి చూడాల్సింది. తప్పు డ్రైవర్‌దే."

అధికారి కూడా ఎక్కడ పడ్డవాడు అక్కడి నుంచే అవునవునని తలూపాడు.

అతను పెద్దగా ఊపిరి వదిలాడు. ఇన్నాళ్ళకు ఆ మాట ఒకరి నోట విన్నాడు. గాజుముక్క పారేసి, లేచి, తనే వెళ్ళి గడియ తీశాడు.

పోలీసులు ఒక్కుమ్మడిగా మీద పడ్డారు. లాఠీలతో పొత్తికడుపులో పొడిచి, మోకాళ్ళ మీద కూలేసి, మొహం గోడకు అదిమారు. అతను చెయ్యి కూడా అడ్డం పెట్టుకోలేదు. ఎస్సై బేడీలు తీసి, మేనేజరునీ అధికారినీ చంపబోయినందుకు హత్యాయత్నం కేసు పెడుతున్నానన్నాడు.

అతను నెత్తురోడుతున్న చేతులు రెండూ చాచి, "అది తర్వాత రాసుకోండి సార్, ముందు నా భార్యను చంపినందుకు రాయండి, ఆ పొద్దున బండి నడిపింది నేనే," అన్నాడు.